పాత కన్సోల్ బైక్ రేసింగ్ ఆటలకు అభిమానుల సవరణలు: పాఠపరిష్కరణ దృష్టి

వ్యాససంగ్రహం:
అమ్మకం ఆగిపోయిన వీడియో గేములను అభిమానులే సవరించి ఆడుకోవడాన్ని ‘మాడింగ్’ అని వ్యవహరిస్తున్నారు. దీనిని కొందరు చౌర్యంగా, మరికొందరు స్వతంత్రసృష్టిగా పరిగణిస్తున్నారు. ఈ రెండు దృష్టులూ ఆ పని స్వభావాన్ని పూర్తిగా పట్టుకోలేవని, తెలుగు సాహిత్యపరిశోధనకు చిరపరిచితమైన పాఠపరిష్కరణ పరిభాష దానికి ఎక్కువగా సరిపోతుందని ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది. ఎక్సైట్‌బైక్, రోడ్ రాష్, మోటోజీపీ, టూరిస్ట్ ట్రోఫీ ఆటలు ఇందుకు ఆధారాలు. మూలాన్ని వేరుగా ఉంచి తేడాను మాత్రమే పంచుకునే ‘ప్యాచ్’ పద్ధతి చాలావరకు కాపీరైట్ భయం వల్ల స్థిరపడినా పరిష్కర్త పాటించవలసిన నియమాన్నే పాటిస్తోందనీ, మూలాన్నీ సవరణనూ కలిపివేసిన ప్రతులు ప్రక్షిప్త సమస్యను తిరిగి తెస్తున్నాయనీ చూపడం ఈ వ్యాస లక్ష్యం.

కీలకపదాలు: వీడియో గేములు, మాడింగ్, పాఠపరిష్కరణ, ఆధారప్రతి, ప్రక్షిప్తం, ప్యాచ్, కాపీరైట్, డిజిటల్ పరిరక్షణ.

1. ఉపోద్ఘాతం:
ఒక గ్రంథం పునర్ముద్రణకు నోచుకోకపోయినా ఏదో ఒక గ్రంథాలయంలో దొరికే అవకాశం ఉంటుంది. వీడియో గేమ్‌కు సాధారణంగా ఆ వసతి లేదు. ఆట నమోదైన కార్ట్రిడ్జ్ లేదా డిస్క్, దానిని నడిపే కన్సోల్, ఆ కన్సోల్‌కు సరిపడే టీవీ - ఈ మూడూ పనిచేసినప్పుడే అది ఆడదగిన పాఠంగా నిలుస్తుంది. అమెరికాలోని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్, సాఫ్ట్‌వేర్ ప్రిజర్వేషన్ నెట్‌వర్క్ కలిసి 2023లో వెలువరించిన అధ్యయనం ప్రకారం 2010కి ముందు ఆ దేశంలో విడుదలైన ఆటల్లో 87 శాతం నేడు మార్కెట్‌లో లభించడం లేదు.

బైక్ రేసింగ్ ఆటల విషయంలో ఈ చిక్కు మరింత బిగుసుకుంటుంది. బైకుల తయారీదారుల పేర్లు, రైడర్ల పేర్లు, సర్క్యూట్ల నమూనాలు, ప్రాయోజక సంస్థల గుర్తులు, కొన్నింటిలో పాటలు - ఒక్కొక్కటి ఒక్కొక్కరి అనుమతిపై ఆధారపడి ఉంటుంది. మోటోజీపీ పేరుతో ఆటలు తయారుచేసే అనుమతి 2000 తర్వాత నామ్కో, టీహెచ్‌క్యూ, క్యాప్‌కామ్, మైల్‌స్టోన్ సంస్థల చేతుల్లోకి వేర్వేరు కాలాల్లో వెళ్లింది. వీటిలో టీహెచ్‌క్యూ 2012 డిసెంబరులో దివాలా రక్షణ కోరింది. మరుసటి నెలలో దాని ఆస్తులు ముక్కలుగా అమ్ముడుపోయాయి. అటువంటి ఆట మళ్లీ విడుదల కావాలంటే ఎంతమంది సమ్మతించాలో ఊహించవచ్చు.

ప్రచురణకర్త వదిలివేసిన ఈ ఖాళీలోనే అభిమానులు పనిచేస్తున్నారు. పాత ఆటలో కొత్త రైడర్లను చేర్చేవారు, మసకబారిన బొమ్మలను స్ఫుటం చేసేవారు, ఆగిపోయిన సదుపాయాలను తిరిగి కల్పించేవారు వీరిలో ఉన్నారు. వీరి కృషిని హెన్రీ జెన్‌కిన్స్ 1992 నాటి ‘టెక్స్‌చువల్ పోచర్స్’ మొదలుకొని అభిమానసంస్కృతి అధ్యయనాలు వెలుగులోకి తెచ్చిన సృజనాత్మక పఠనంలో భాగంగా చూడవచ్చు. ఆ దృష్టి అభిమానికి గౌరవం తెచ్చింది. అయితే సవరణ జరిగిన తర్వాత మూలపాఠం ఏమైందన్న ప్రశ్నకు అక్కడ తగినంత చోటు దొరకలేదు. ఆ ప్రశ్నే ఈ వ్యాసానికి కేంద్రం.

2. ఎక్సైట్‌బైక్: ఆటగాడికి దక్కిన సగం అధికారం:
అభిమానుల సవరణ అనేది ఆటకు బయటినుండి వచ్చిపడిన ఉపద్రవమన్న అభిప్రాయాన్ని ఈ ప్రక్రియ చరిత్రే ఖండిస్తుంది. నింటెండో 1984 నవంబరులో జపాన్‌లో విడుదల చేసిన ఎక్సైట్‌బైక్‌లో ‘డిజైన్’ అనే విభాగం ఉంది. ఎత్తుపల్లాలు, బురద, అడ్డంకులు వరుసగా పేర్చి ఆటగాడు తన పందెపు దారిని తానే నిర్మించుకోవచ్చు. ఆటను రూపొందించినవారు తమ అధికారంలో కొంత భాగాన్ని ఆటగాడికి తామే అప్పగించారన్నమాట.

అయితే ఆ అప్పగింత అసంపూర్తిగా మిగిలింది. నిర్మించిన దారిని భద్రపరచడానికి జపాన్‌లో క్యాసెట్ టేపుపై సమాచారాన్ని నమోదుచేసే ప్రత్యేక పరికరం అవసరమైంది. ఆ పరికరం జపాన్ వెలుపల అమ్మకానికి రాలేదు. ఇతర దేశాల్లో అమ్మిన ఆటలో ‘సేవ్’, ‘లోడ్’ అనే మాటలు తెరపై కనిపిస్తాయి గాని పనిచేయవు. ఆ సంగతిని ఆటతో ఇచ్చిన పుస్తకమే అంగీకరించింది. కన్సోల్ ఆపగానే ఆటగాడి నిర్మాణం మాయమయ్యేది.

ఈ చిన్న వివరానికి విమర్శపరంగా పెద్ద ప్రాధాన్యం ఉంది. పాఠంలో ఒక వాగ్దానం ఉంది, దాని నెరవేర్పు లేదు. తర్వాతి కాలంలో కంప్యూటర్‌పై పాత కన్సోల్‌ను అనుకరించే ఎమ్యులేటర్లు వచ్చాక, యంత్రస్థితి మొత్తాన్ని ఒక ఫైలుగా దాచుకునే వీలు కలిగింది. దారులను నేరుగా ఆట ఫైలులోనే మార్చే ప్రయత్నాలూ సాగాయి. వీటిని మూలద్రోహంగా భావించడం కష్టం. మూలం తనంతట తానే చూపించి తెరవలేకపోయిన తలుపును పాఠకులు తెరిచారు. నింటెండో సంస్థ సైతం 2011లో త్రీడీఎస్ కన్సోల్‌కు తెచ్చిన రూపంలో దారులను భద్రపరచుకునే సదుపాయం కల్పించింది.

3. సవరణ స్వభావం: ఇచ్చిన చోటులోనే ఇమడడం:
సవరణకారుడి చేతిలో ఆట తయారైనప్పటి మూలసంకేతం ఉండదు. అతనికి దొరికేది యంత్రం చదివే సంఖ్యల వరుస మాత్రమే. ఎక్సైట్‌బైక్ మొత్తం 24 కిలోబైట్లలో ఇమిడిన ఆట. అందులో 16 కిలోబైట్లు కార్యక్రమం, 8 కిలోబైట్లు బొమ్మలు. ఏ స్థానంలో ఏ విలువ మారిస్తే తెరపై ఏది మారుతుందో ఓపికగా పరీక్షించి తెలుసుకోవాలి. శిథిలమైన శాసనంలో ఒక్కొక్క అక్షరాన్ని కూడబలుక్కొని చదవడానికి ఈ శ్రమ సాటిరాకపోయినా ఆ కోవకు చెందినదే.

ఇక్కడ పరిమితులు కఠినమైనవి. నింటెండో తొలి కన్సోల్‌లో కదిలే బొమ్మ ఒక్కొక్క పలకకు మూడు రంగులే దక్కుతాయి, నాలుగవది పారదర్శకం. పాత ఆటల్లో ఒక రైడర్ పేరుకు ఇన్ని బైట్లు అని ముందే కేటాయించి ఉంటే, అంతకన్నా పొడవైన కొత్త పేరు పక్కనున్న సమాచారాన్ని చెరిపివేస్తుంది. కాబట్టి సవరణకారుడు పేరును కుదించాలి, పొడి అక్షరాలతో సరిపెట్టాలి, లేదా ఆ పేరు ఉన్న చోటునే మార్చి కార్యక్రమానికి కొత్త చిరునామా తెలియజేయాలి. గణాలకు ఇమడని నామవాచకాన్ని పద్యంలో నిలపడానికి కవి పర్యాయపదాన్ని వెతుక్కునే సందర్భం సాహిత్యవిద్యార్థులకు తెలియనిది కాదు.

ఈ పోలికకు హద్దు ఉంది. ఛందస్సును కవి స్వచ్ఛందంగా స్వీకరిస్తాడు. సవరణకారుడికి బైట్ల కొలత పరాయిది, మార్చలేనిది. అయినా రెండింటిలోనూ నైపుణ్యాన్ని అంచనా కట్టే ప్రమాణం ఒకటే: పరిమితి అతుకుగా బయటపడకుండా పని నెరవేరిందా అన్నది. అందువల్ల సవరణను కేవలం ఉత్సాహంగా కాక, మంచిచెడ్డలు నిర్ణయించదగిన రచనాకర్మగా పరిశీలించడం సాధ్యమవుతుంది.

4. సవరణల్లో మూడు రకాలు:
బైక్ రేసింగ్ ఆటల సవరణలను వాటి ఉద్దేశాన్ని బట్టి మూడుగా విభజించవచ్చు.

4.1 కాలానుగుణ సవరణ:
పాత ఆటలో రైడర్ల పేర్లు, బైకుల రంగులు, జట్ల గుర్తులు మార్చి దానిని నేటి సీజన్‌గా చూపడం ఈ రకం. క్లైమాక్స్ సంస్థ తయారుచేయగా టీహెచ్‌క్యూ 2005లో ఎక్స్‌బాక్స్‌కూ కంప్యూటర్‌కూ విడుదల చేసిన ‘మోటోజీపీ అల్టిమేట్ రేసింగ్ టెక్నాలజీ 3’ ఇటువంటి సవరణలకు పేరుపొందింది. కన్సోల్ డిస్క్ కన్నా కంప్యూటర్ రూపం ఫైళ్లు తెరవడానికి అనువుగా ఉండడం అందుకు ఒక కారణం.

ఇందులో ఒక వైరుధ్యం దాగి ఉంది. మోటోజీపీ ప్రధాన విభాగంలో 500 సీసీ టూ-స్ట్రోక్ బైకుల యుగం 2002లో 990 సీసీ ఫోర్-స్ట్రోక్ బైకుల రాకతో ముగింపు దశకు చేరింది. 2007లో ఇంజిన్ పరిమాణం 800 సీసీకి తగ్గి, 2012లో 1000 సీసీకి పెరిగింది. 2016 నుండి అన్ని జట్లకూ ఒకే ఎలక్ట్రానిక్ నియంత్రణ వ్యవస్థ వచ్చింది. గాలి ఒత్తిడిని అదుపుచేసే రెక్కలు ఫెయిరింగ్‌లో భాగమయ్యాయి. 2005 నాటి ఆటలో 2020 తర్వాతి రైడర్ పేరునూ రంగులనూ అద్దినప్పుడు పైపూత మాత్రమే కొత్తది. బ్రేకు పట్టినప్పుడు, మలుపులో వాలినప్పుడు, వెనుక చక్రం జారినప్పుడు బయటపడే స్వభావమంతా 990 సీసీ కాలానిదే. ఆటగాడు చూసేది ఒక కాలం, అనుభవించేది మరొక కాలం.

ఇటువంటి సవరణ మరొకదాన్ని కూడా చెరిపివేస్తుంది. నామ్కో 2000లో ప్లేస్టేషన్ 2కు తెచ్చిన తొలి మోటోజీపీ ఆటలో జపాన్‌లోని సుజుకా సర్క్యూట్ ఉంది. 2003 ఏప్రిల్‌లో అక్కడ జరిగిన పందెంలో దైజిరో కాటో తీవ్రంగా గాయపడి రెండు వారాల తర్వాత మరణించాడు. ఆ సర్క్యూట్ మళ్లీ మోటోజీపీ షెడ్యూలులోకి రాలేదు. అంటే ఆ పాత ఆట ఒక క్రీడ తన నుండి తొలగించుకున్న దారిని ఇంకా మోస్తోంది. అందులోని జాబితాలను నేటి షెడ్యూలుకు అనుగుణంగా తిరగరాస్తే ఆట తాజాగా అనిపించవచ్చు. ఒక చారిత్రక సాక్ష్యం మాత్రం కనుమరుగవుతుంది.

అనుమతులతో పనిలేని ఆటలకూ ఈ ప్రమాదం ఉంది. ఎలక్ట్రానిక్ ఆర్ట్స్ 1991లో సెగా కన్సోల్‌కు విడుదల చేసిన రోడ్ రాష్‌లో బైకులకు పాండా, షురికెన్, కామికాజె, ఫెరూచీ, డయాబ్లో వంటి కల్పిత నామాలు పెట్టారు. జపాన్, ఇటలీ బైకుల పేర్ల ధ్వనిని అనుకరిస్తూ వాటిని ఆటపట్టించే తీరు అందులో కనిపిస్తుంది. ప్రత్యర్థిని కర్రతో కొట్టి, పోలీసుల నుండి తప్పించుకునే ఆ ఆట లోకానికి ఈ పేర్లు తగినవి. వాటి స్థానంలో నిజమైన కంపెనీల పేర్లు పెట్టే సవరణ వాస్తవికతను పెంచుతున్నానని భావించవచ్చు. నిజానికి అది వ్యంగ్యాన్ని తీసివేసి వాణిజ్యప్రకటనను చేర్చినట్లవుతుంది.

4.2 స్ఫుటీకరణ సవరణ:
పాలిఫనీ డిజిటల్ 2006లో ప్లేస్టేషన్ 2కు రూపొందించిన టూరిస్ట్ ట్రోఫీ, అదే సంస్థ కార్ల ఆటయిన గ్రాన్ టురిస్మో 4 పునాదిపై నిర్మితమైంది. ఒక పందెంలో నలుగురికి మించి రైడర్లు ఉండరు. రైడర్ కూర్చునే తీరును, శరీరం వాల్చే తీరును ఆటగాడే సర్దుకునే ఏర్పాటు దీని ప్రత్యేకత. 32 మెగాబైట్ల ప్రధాన స్మృతి గల కన్సోల్ కోసం కుదించిన బొమ్మలు నేటి పెద్ద తెరలపై మసకగా కనిపిస్తాయి. ఆ తరం ఆటల బొమ్మలకు బదులు పెద్దవి చేసిన బొమ్మలను ఎమ్యులేటర్ ద్వారా చూపే సవరణలు ఇప్పుడు వాడుకలో ఉన్నాయి.

బొమ్మలను పెద్దవి చేయడానికి కృత్రిమమేధను వాడినప్పుడు ఒక చిక్కు వస్తుంది. దారిపక్కన ఉన్న ప్రకటన పలకపై అస్పష్టంగా ఉన్న అక్షరాలను ఆ సాధనం ఊహించి పూరిస్తుంది. ఫలితం స్పష్టంగా ఉంటుంది గాని అది మూలంలో ఉన్నదే అని చెప్పలేం. తాళపత్రాన్ని నకలు తీసే లేఖకుడు తనకు అర్థంకాని అరుదైన పదం చోట తనకు తెలిసిన పదాన్ని ఉంచిన సందర్భాలు పరిష్కర్తలకు సుపరిచితాలు. క్లిష్టపాఠం పోయి సులభపాఠం మిగలడమే రెండుచోట్లా జరుగుతుంది. లేఖకుడు మనిషి కావడం, ఇక్కడ యంత్రం కావడం మాత్రమే భేదం. యంత్రం తన ఊహను అన్ని బొమ్మలకూ ఒకేసారి వర్తింపజేస్తుంది కాబట్టి దోషం విస్తృతి ఇంకా ఎక్కువ.

4.3 పునరుద్ధరణ సవరణ:
ఆగిపోయిన సదుపాయాన్ని తిరిగి పనిచేయించడం మూడవ రకం. 2002లో ఎక్స్‌బాక్స్ ఆన్‌లైన్ సేవ మొదలైనప్పుడు దాని తొలి కిట్‌తో మోటోజీపీ ఆట నమూనాను కూడా ఇచ్చారు. దూరదేశాల ఆటగాళ్లు ఒకే పందెంలో పాల్గొనడం ఆ ఆట పరిచయం చేసిన ముఖ్యమైన అనుభవం. తొలితరం ఎక్స్‌బాక్స్‌కు ఆ సేవ 2010 ఏప్రిల్ 15న నిలిచిపోయింది. డిస్క్ చెక్కుచెదరకపోయినా పాఠంలో ఒక పర్వం మొత్తం మూగబోయింది. ఆ కన్సోల్‌కు అభిమానులు ప్రత్యామ్నాయ సర్వర్ల నిర్మాణానికి పూనుకోవడం ఈ లోటును పూరించే ప్రయత్నమే.

నన్నయ వదిలిన అరణ్యపర్వశేషాన్ని ఎఱ్ఱన పూరించి, దానిని నన్నయ కృతిపతి అయిన రాజరాజనరేంద్రునికే అంకితం చేసిన తీరు ఇక్కడ గుర్తుకు రావడం సహజం. పూరణ మూలకవి సంకల్పానికి లోబడి ఉండడం, పూరించిన భాగం ఎక్కడ మొదలవుతుందో పాఠకులకు తెలిసి ఉండడం - ఈ రెండు లక్షణాలూ పునరుద్ధరణకు గీటురాళ్లు. పై మూడు రకాల్లో మూలానికి అతి తక్కువ హాని చేసేది ఇదే.

5. తేడా ఫైలు: చట్టభయం నేర్పిన క్రమశిక్షణ:
సవరించిన ఆటను యథాతథంగా పంచడం కాపీరైట్ ఉల్లంఘన. ఈ కారణంగా సవరణకారుల్లో చాలాకాలంగా ఒక ఆచారం స్థిరపడింది. వారు ఆటను పంచరు. మూలానికీ సవరించిన ప్రతికీ మధ్య ఉన్న తేడాను మాత్రమే ఒక చిన్న ఫైలుగా పంచుతారు. ఆటను సొంతంగా కలిగి ఉన్నవారు తమ ప్రతికి దానిని అన్వయించుకోవాలి. దీనినే ‘ప్యాచ్’ అంటారు.

వీటిలో పాతదైన ఐపీఎస్ పద్ధతి నిర్మాణం చాలా సరళం. ప్రతి సవరణకూ మూడు బైట్లలో స్థానం, రెండు బైట్లలో పరిమాణం, ఆపై కొత్త విలువలు ఉంటాయి. స్థానానికి మూడు బైట్లే కాబట్టి అది 16 మెగాబైట్ల వరకే పనిచేస్తుంది. కార్ట్రిడ్జ్ ఆటలకు అది చాలు, డిస్క్ ఆటలకు ఎక్స్‌డెల్టా వంటి ఇతర పద్ధతులు కావాలి. ప్లేస్టేషన్ 2ను అనుకరించే పీసీఎస్‌ఎక్స్2 ఎమ్యులేటర్ వాడే ‘పీనాచ్’ ఫైళ్లు ఇంకా ఆసక్తికరం. అవి మనిషి చదవగలిగే అక్షరఫైళ్లు. ఏ స్థానంలో ఏ విలువ ఉంచాలో వరుసగా రాసి ఉంటుంది. పక్కనే ఎందుకు మార్చారో వివరణ రాసుకునే వీలుంటుంది. డిస్క్‌లోని మూలం తాకబడదు. ఆట నడుస్తున్నప్పుడు మాత్రమే మార్పు అమలవుతుంది.

సాహిత్యపరిశోధకుడికి ఇది ఎక్కడో చూసినట్లే ఉంటుంది. శాస్త్రీయ పరిష్కరణలో మూలపాఠం పుటపై భాగంలో, పాఠాంతరాలు అధోజ్ఞాపికల్లో, కారణాలు పీఠికలో ఉంటాయి. పరిష్కర్త సవరించినా పాఠకుడు వెనక్కు వెళ్లి మూలాన్ని చూడగలడు. తేడా ఫైలు చేసేది సరిగ్గా ఈ పనే. పాండిత్యనిష్ఠ వల్ల కాక చట్టభయం వల్ల బలపడిన ఆచారం పాండిత్యనిష్ఠ కోరే ఫలితాన్నే ఇవ్వడం గమనార్హం.

ఆధారప్రతి నిర్ణయం కూడా ఇక్కడ తప్పనిసరి అవుతుంది. ఒకే ఆటకు జపాన్, అమెరికా, ఐరోపా రూపాలు వేర్వేరుగా ఉంటాయి. ఒకే దేశంలోనూ దిద్దిన రెండవ విడుదల ఉండవచ్చు. ఐపీఎస్ ఫైలుకు తాను ఏ ప్రతికి చెందినదో తెలియదు; తప్పు ప్రతికి అన్వయిస్తే ఆట పాడవుతుంది. తర్వాత వచ్చిన బీపీఎస్ పద్ధతి మూలప్రతికీ ఫలితప్రతికీ సరిచూపు సంఖ్యలను తనలోనే నమోదు చేసుకుని, ప్రతి సరిపోలకపోతే పని ఆపివేస్తుంది. ‘ఏ ప్రతిని ఆధారంగా తీసుకున్నావు?’ అని పరిష్కర్తను అడిగే ప్రశ్నను ఇక్కడ ఫైలే అడుగుతుంది.

అయితే తేడా ఫైలు చట్టపరంగా తిరుగులేని కవచమని భావించరాదు. ఆట నడుస్తుండగా విలువలు మార్చే ‘గేమ్ జీనీ’ పరికరం మూలం నుండి పుట్టిన కొత్త కృతిని సృష్టించడం లేదని అమెరికా తొమ్మిదవ సర్క్యూట్ అప్పీలు న్యాయస్థానం 1992లో గలూబ్ - నింటెండో వివాదంలో తీర్పునిచ్చింది. అదే న్యాయస్థానం 1998లో మైక్రో స్టార్ - ఫార్మ్‌జెన్ వివాదంలో ఇందుకు భిన్నమైన నిర్ణయానికి వచ్చింది. ఆటగాళ్లు తయారుచేసిన దశల ఫైళ్లలో మూలంలోని బొమ్మలు లేకపోయినా, అవి ఆ ఆట కథకు కొనసాగింపులే కాబట్టి వాటిని సంకలనం చేసి అమ్మడం ఉల్లంఘన అని తేల్చింది. భారత కాపీరైట్ చట్టం, 1957 స్థితి కూడా మిశ్రమమే. కంప్యూటర్ ప్రోగ్రామ్ ప్రతిని న్యాయబద్ధంగా పొందినవారు దానిని ఉద్దేశించిన పనికి వాడుకోవడానికి చేసే అనుసరణను సెక్షన్ 52 అనుమతిస్తుంది. అటువంటి అనుసరణపై కర్త తన విశేషహక్కును ప్రయోగించలేడని సెక్షన్ 57 చెబుతుంది. 2012లో చేర్చిన సెక్షన్ 65ఎ హక్కుల ఉల్లంఘన ఉద్దేశంతో సాంకేతిక తాళాలు ఛేదించడాన్ని శిక్షార్హం చేసింది. కాబట్టి తేడా ఫైలు విలువను చట్టరక్షణలో కన్నా పాఠనిజాయితీలో వెతకడం సమంజసం.

6. కలిపివేసిన ప్రతులు: ప్రక్షిప్తాల పునరాగమనం:
ప్యాచ్ అన్వయించుకోవడం అందరికీ సులువు కాదు. అందువల్ల మూలాన్నీ సవరణనూ ముందే కలిపి, నేరుగా ఆడుకోదగిన ఒకే ఫైలుగా తయారుచేసిన ప్రతులు చలామణీ అవుతాయి. చట్టదృష్టిలో ఇవి స్పష్టమైన ఉల్లంఘనలు. పాఠదృష్టిలో అంతకన్నా లోతైన నష్టం ఉంది: ఏది మూలమో, ఏది చేర్పో తెలిపే గీత చెరిగిపోతుంది. అటువంటి ప్రతిపై మరొకరు ఇంకొక సవరణ చేసి మళ్లీ కలిపితే, కొన్నేళ్ల తర్వాత దొరికే ప్రతి ఏ కాలానిదో నిర్ణయించడం దుస్సాధ్యమవుతుంది. శతకాల్లో, పురాణాల్లో ప్రక్షిప్తాలు చేరిన మార్గం ఇదే.

ఈ సమస్య తెలుగు పాఠకులకు దూరమైనదేమీ కాదు. రోడ్ రాష్ 1994లో త్రీడీవో కన్సోల్‌కు కొత్త రూపంలో వచ్చింది; సౌండ్‌గార్డెన్ మొదలైన అమెరికన్ రాక్ బృందాల పాటలు అందులో చేరాయి. ఆ రూపం ఆధారంగా 1996లో విండోస్ కంప్యూటర్లకు తయారైన ఆట భారతదేశంలోని ఇళ్లలో, నెట్ సెంటర్లలో విస్తారంగా ఆడినది. ఒక కంప్యూటర్ నుండి మరొక కంప్యూటర్‌కు నకళ్లుగా అది వ్యాపించింది. ఒక తరం తెలుగువారికి రోడ్ రాష్ అంటే ఆ విండోస్ నకలే. 1991 నాటి కార్ట్రిడ్జ్ ఆట గాని, త్రీడీవో డిస్క్ గాని వారి అనుభవంలో లేవు. కాబట్టి ఈ ఆట భారతదేశంలో పొందిన ఆదరణపై పరిశోధన చేయదలచినవారు ముందుగా తేల్చవలసినది ఆటగాళ్ల అభిప్రాయాలను కాదు. వారు ఆడిన ప్రతి ఏది, అందులో ఏ భాగాలు ఉన్నాయి, ఏవి లేవు అన్న విషయాన్ని. పాటలు లేని నకలు ఆడిన వ్యక్తి, పాటలున్న డిస్క్ ఆడిన వ్యక్తి ఒకే పాఠం గురించి మాట్లాడుతున్నారని అనుకోవడం పద్ధతి దోషం.

7. కొన్ని ఆక్షేపాలు:
పాఠపరిష్కరణతో ఈ పోలికపై మూడు ఆక్షేపాలు రావచ్చు.

మొదటిది: ప్రాచీన కావ్యాల మూలం నష్టమైంది కాబట్టి పరిష్కరణ అవసరమైంది, ఆటల మూలడిస్క్‌లు ఇంకా ఉన్నాయి కదా అన్నది. ఉన్నాయన్నది తాత్కాలిక సత్యం. డిస్క్‌లు పాడవుతాయి, వాటిని చదివే యంత్రాలు ఆగిపోతాయి. పుస్తకాలను జాతీయ గ్రంథాలయాలకు అందజేయాలన్న 1954 నాటి భారత చట్టం పుస్తకాలకూ వార్తాపత్రికలకూ పరిమితం. వీడియో గేములకు అటువంటి నియమం లేదు. అమ్మకంలో లేని ఆటలను గ్రంథాలయాలు పరిశోధకులకు దూరం నుండి అందించేందుకు కోరిన మినహాయింపును అమెరికా కాపీరైట్ అధికారులు 2024 అక్టోబరులో తిరస్కరించారు. సంస్థలు చేయలేని పరిరక్షణ వ్యక్తుల చేతుల్లోనే మిగిలి ఉంది.

రెండవది: ఇది జీతం లేని చాకిరి మాత్రమే అన్నది. ఆటనూ శ్రమనూ కలిపి జూలియన్ క్యూక్లిక్ 2005లో ‘ప్లేబర్’ అనే మాటతో ఈ స్థితిని విమర్శించాడు. సవరణకారుల శ్రమ ఆట ఆయుష్షును పెంచి ప్రచురణకర్తకు లాభిస్తుందన్న ఆ వాదన అమ్మకంలో ఉన్న ఆటలకు బలంగా వర్తిస్తుంది. అమ్మకం ఆగిన ఆటలకు లాభం పొందే యజమాని కనిపించడు. అక్కడ అన్యాయం మరో రూపంలో ఉంది: కలిపివేసిన ప్రతుల్లో సవరణకారుల పేర్లు, వారి వివరణపత్రాలు ఊడిపోతాయి. శ్రమ మిగులుతుంది, కర్త మాయమవుతాడు.

మూడవది: ఆట ఆడడానికే గాని భద్రపరచడానికి కాదన్నది. ఈ ఆక్షేపంలో నిజం ఉంది. కాలానుగుణ సవరణ చేసే అభిమానికి చరిత్రకారుడి బాధ్యత అంటగట్టడం న్యాయం కాదు. పాత ఆటలో కొత్త రైడర్‌ను చూడాలన్న కోరిక ఆ ఆట ఇంకా సజీవంగా ఉందనడానికి గుర్తు. అందువల్ల ఆ సవరణను నిషేధించడం గాని నిరసించడం గాని ఈ వ్యాస ఉద్దేశం కాదు. అది కొత్త కృతిగా తన పేరుతో తాను నిలవాలి. పాత కృతి స్థానాన్ని ఆక్రమించకూడదు.

8. ముగింపు:
పాత కన్సోల్ బైక్ రేసింగ్ ఆటల సవరణలను పరిశీలించినప్పుడు వాటి విలువను నిర్ణయించే ప్రమాణం సవరణ పరిమాణం కాదని తెలుస్తుంది. ఏమి మార్చారో చెప్పడం, ఎందుకు మార్చారో చెప్పడం, మార్పును వెనక్కు తీసుకునే వీలు ఉంచడం - ఈ మూడు లక్షణాలు ఉన్న సవరణ ఎంత పెద్దదైనా మూలానికి హాని చేయదు. ఇవి లేని సవరణ ఒక్క బైట్ మార్చినా పాఠాన్ని కలుషితం చేస్తుంది. తేడా ఫైలు ఈ మూడింటికీ అవకాశం ఇస్తుంది. కలిపివేసిన ప్రతి మూడింటినీ మూసివేస్తుంది.

ఈ పరిశీలన పరిశోధకులపై కొన్ని బాధ్యతలు ఉంచుతుంది. ఒక ఆటపై వ్యాసం రాసేటప్పుడు ఆట పేరు, విడుదల సంవత్సరం మాత్రమే పేర్కొనడం చాలదు. ఏ కన్సోల్ రూపం, ఏ దేశపు విడుదల, అసలు యంత్రంపై ఆడినదా లేక ఎమ్యులేటర్‌పైనా, ఏ ప్యాచ్ అన్వయించినది అన్న వివరాలు కూడా ఇవ్వాలి. తాళపత్రప్రతి సంఖ్యను పేర్కొనకుండా పద్యాన్ని చర్చించడం ఎంత అసంపూర్ణమో ఇదీ అంతే. తేడా ఫైళ్లనూ వాటితో వచ్చే వివరణపత్రాలనూ చారిత్రక ఆధారాలుగా సేకరించడం విశ్వవిద్యాలయాల గ్రంథాలయాలు పరిశీలించదగిన పని. వాటి పరిమాణం చిన్నది, వాటిలో ఆట పూర్తిగా ఉండదు.

తెలుగులో పాఠపరిష్కరణ పరిజ్ఞానం ఇప్పటివరకు ప్రధానంగా తాళపత్రాలకూ శాసనాలకూ వినియోగపడింది. తరచుగా తిరగరాయబడుతూ, పేరులేని చేతుల మీదుగా ప్రయాణించే డిజిటల్ కృతులకు కూడా ఆ పరిజ్ఞానం అవసరమే. సుజుకా మలుపులు ఉన్న ఆటను రేపు ఎవరైనా తెరిచినప్పుడు అవి 2000 నాటివో, తర్వాత ఎవరో అతికించినవో చెప్పగలగాలి. ఆ తేడాను నమోదు చేసిన ఫైలు, అది ఎక్కడుందో తెలిసిన పరిశోధకుడు ఉన్నప్పుడే అది సాధ్యం.